కతిపోకు ఖాళీ ఇసుక కావాలి

న్యూజిలాండ్ తీరంలో పెద్ద గాలివాన వెలిశాక ఒడ్డంతా ఎండు దుంగలు, కొమ్మలు, వేళ్ల మొద్దులు పడి ఉంటాయి. చూసేవాళ్లకు అదంతా చెత్తే. కొందరు ఏరి పోగేసి చలిమంట వేసుకుంటారు. కొందరు తోటలో అందానికని బండికెత్తుకు పోతారు. అలలు అందనంత ఎత్తులో, ఇసుక తిన్నెల వెనక వాలులో చేరిన ఆ దుంగల కింద ఒక సాలీడు కాపురం ఉంటుంది. ఆ దేశంలో తప్ప భూమ్మీద ఇంకెక్కడా లేని సాలీడు అది. పేరు కతిపో.

దాని గురించి రాసేవాళ్లు దాదాపు అందరూ విషంతో మొదలుపెడతారు. నేను ఇసుకతో మొదలుపెడతాను. కతిపో బతుకూ చావూ రెండూ అక్కడే తేలుతాయి. న్యూజిలాండ్ 2010లో దీన్ని 1953 నాటి తమ వన్యప్రాణి చట్టం రక్షణ కిందికి తెచ్చింది. చంపడం, అనుమతి లేకుండా పట్టుకోవడం ఇప్పుడు నేరం. మంచి పనే చేశారు. అయితే ఆ చట్టం సాలీడు ఒంటి మీద చెయ్యి పడకుండా ఆపగలదు గానీ, దాని వల ముందున్న జానెడు ఖాళీ ఇసుకను గడ్డి మింగేస్తుంటే ఆపలేదు. అలా గడ్డి కప్పేసిన తిన్నె మీద కతిపోను పనిగట్టుకుని ఎవరూ చంపనక్కర్లేదు. అదే కనుమరుగవుతుంది, కేసు పెట్టడానికి ముద్దాయి కూడా దొరకడు. కతిపో కోసం పెట్టే శ్రమలో ఎక్కువ భాగం సాలీడు మీద కాక, మొక్కకూ మొక్కకూ మధ్య ఉండే బోడి ఇసుక మీద పెట్టాలన్నది నా వాదన.

ముందు మనిషిని పరిచయం చేసినట్టు దీన్నీ పరిచయం చేయాలి. లాట్రొడెక్టస్ ప్రజాతిలోది. అమెరికాలో బ్లాక్ విడో అనేవీ, ఆస్ట్రేలియాలో రెడ్‌బ్యాక్ అనేదీ దీని దాయాదులు. శాస్త్రంలో దీన్ని 1871లో వర్ణించినవాడు లుయెలిన్ పావెల్. పేరు మాత్రం అక్కడి ఆదివాసులైన మావోరీలు పెట్టుకున్నదే, 'రాత్రిపూట కుట్టేది' అని దాని అర్థం. ఎదిగిన ఆడది బఠాణీ గింజంత ఉంటుంది. ఒళ్లు 8 మిల్లీమీటర్లు, కాళ్లు చాపితే 32 దాకా. నిగనిగలాడే నలుపు, వీపు మీద తెల్లంచు ఎర్రచార, పొట్ట కింద డమరుకం ఆకారంలో ఎర్ర మచ్చ. మగది చాలా చిన్నది. తెల్లటి ఒంటి మీద నల్ల గీతలు, నారింజ ఎరుపు మచ్చలు ఉంటాయి. పిల్లలు కూడా ఇదే వేషంలో ఉంటాయి కాబట్టి తెలియనివాళ్లు ఇవి వేరే సాలీళ్లనుకుంటారు.

న్యూజిలాండ్‌లో ప్రధానంగా రెండు దీవులు, ఉత్తరానిదీ దక్షిణానిదీ. ఉత్తర దీవి పైభాగంలో ఎర్రచార లేని నల్ల రూపం ఉంది. 1890లో దాన్ని వేరే జాతిగా లెక్కకట్టారు. 2008లో జన్యువులనూ శరీర నిర్మాణాన్నీ మళ్లీ పరిశీలించి రెండూ ఒకటేనని తేల్చారు. దక్షిణాన దీని హద్దు తూర్పు తీరంలో డునీడిన్‌కు కాస్త ఎగువనున్న కరితానె, పడమటి తీరంలో గ్రేమౌత్. అంతకంటే కిందికి వెళ్లలేకపోవడానికి కారణం చలి. గుడ్లు ఎదిగే రోజుల్లో వెచ్చదనం 17 డిగ్రీలు దాటాలి. అంటే ఈ సాలీడుకు ఉన్న చోటల్లా తీరం వెంబడి గీసిన ఒక సన్నని గీత. ఒకవైపు సముద్రం, ఇంకోవైపు పచ్చిక బయళ్లు, పైన్ తోటలు, కింద చలి. ఉత్తర దీవిలో సుమారు 50 చోట్ల, దక్షిణ దీవిలో 8 చోట్ల మాత్రమే మిగిలిందని, మొత్తం కొన్ని వేలకు మించవని అంచనా.

ఇక వల సంగతి. ఇది తెలియకపోతే మిగతాదంతా గాలిమాటే.

మన తోటల్లో కనిపించే చక్రం లాంటి అందమైన వల కాదు ఇది. చూస్తే దుమ్ము పట్టిన దారపు చిక్కులా ఉంటుంది. గడ్డి మొదట్లోనో, దుంగ అడుగునో సాలీడు దాక్కునే గూడు. దాని ముందు అడ్డదిడ్డంగా అల్లిన దారాల పందిరి. ఆ పందిరి నుంచి ఇసుకలోకి బిగుతుగా దింపిన నిలువు దారాలు. ఈ నిలువు దారాలే అసలు ఉచ్చు. నేలకు ఆనే చివర జిగురు బొట్లుంటాయి. ఇసుక మీద నడుచుకుంటూ వచ్చే పేడపురుగు జాతి పురుగో, అలల అంచు నుంచి గెంతుకుంటూ వచ్చే ఇసుక గెంతుడు పురుగో దానికి తగిలిందంటే దారం నేల దగ్గర పుటుక్కున తెగుతుంది. బిగుతు మీదున్న దారం పైకి లాక్కుంటుంది. పురుగు కాళ్లు నేలను వదిలేస్తాయి. నేల అందని పురుగు ఎంత కొట్టుకున్నా పట్టు దొరకదు. కతిపో దిగి వచ్చి, జిగురు పట్టు విసిరి కట్టేసి, కుట్టి, గూట్లోకి ఈడ్చుకుపోతుంది. తనకంటే పెద్ద పురుగును ఇది లొంగదీసుకునేది కండబలంతో కాదు, దారం బిగుతుతో.

ఈ ఏర్పాటు పని చేయాలంటే మూడు ఒకేచోట కుదరాలి. దారం వేలాడదీయడానికి కదలని ఆధారం ఒకటి, పురుగులు నడిచే బోడి నేల ఒకటి, ఈ రెంటి మధ్యా నాలుగు వేళ్ల ఎత్తు ఖాళీ ఒకటి. ఆధారం ఉండి ఖాళీ లేకపోతే దారం దించడానికి చోటుండదు. గడ్డి దట్టంగా ఉంటే గాలికి ఊగే ప్రతి పోచా దారాలను తెంపుతుంది, పురుగులు గడ్డి మీదుగానే పోతాయి తప్ప ఇసుక మీద నడవవు. ఖాళీ ఉండి ఆధారం లేకపోతే అదీ పనికిరాదు. కాబట్టి కతిపోకు బాగా నచ్చేది పలచగా, విడివిడి దుబ్బులుగా పెరిగే మొక్కలున్న తిన్నె. అలాంటి మొక్కలు అక్కడ రెండున్నాయి: పీంగావ్, స్పినిఫెక్స్.

పీంగావ్ తుంగ జాతి మొక్క. ఎండితే బంగారు రంగు తిరిగే దాని ఆకులతో మావోరీలు బుట్టలు, సభామందిరాల గోడలకు పెట్టే అల్లికలు చేస్తారు. దాని పుట్టుక గురించి వాళ్లకో గాథ ఉంది. అడవి దేవుడు తానె, సముద్ర దేవుడు తంగరొవ గొడవపడ్డారట. రాజీ కోసం తానె తన కనుబొమ్మలు పీకి ఇచ్చాడట. కోపం చల్లారని తంగరొవ వాటిని ఒడ్డుకు విసిరేశాడట. అవే అడవికీ కడలికీ నడుమ పీంగావ్‌గా మొలిచాయట. రెండో మొక్క స్పినిఫెక్స్‌కు మన తీరంలో ఒక తోబుట్టువు ఉంది. గుండ్రటి ముళ్ల బంతుల్లాంటి గింజకట్టలు గాలికి ఒడ్డంతా దొర్లుతుంటాయే, రావణాసురుడి మీసాలు అంటామే, అదే ప్రజాతి. అక్కడ దేవుడి కనుబొమ్మలు, ఇక్కడ రాక్షసుడి మీసాలు. ఇసుకను పట్టి నిలిపే గడ్డిని చూస్తే ఎక్కడి మనుషులకైనా మొహం మీది వెంట్రుకలే గుర్తొచ్చాయి. పలచగా ఉంటూ కింద చర్మం కనిపించడమే దానికి కారణమేమో. కతిపోకు కావలసిందీ ఆ పలచదనమే.

దాన్ని పోగొట్టింది మారమ్ గడ్డి. ఐరోపా తీరాల గడ్డి ఇది. అడవులు కొట్టి, తిన్నెల మీద పశువులను మేపాక ఇసుక కదిలి పొలాల మీదకు రావడం మొదలైంది. దాన్ని ఆపడానికి 19వ శతాబ్దంలో మారమ్‌ను తెచ్చారు. ముందు మారమ్, అది నిలదొక్కుకున్నాక నేలకు నత్రజని ఇచ్చే లూపిన్ పొదలు, వాటి వెనక రేడియాటా పైన్ మొక్కలు. ఈ వరసలో వేల ఎకరాల ఇసుకను కట్టేశారు. అప్పటి రైతుల కష్టం నిజమైనదే, వాళ్లను తప్పుపట్టడం నాకు ఇష్టం లేదు. కానీ మారమ్ గడ్డి స్వభావం వేరు. ఇసుక మీద పడేకొద్దీ అది ఇంకా పైకి లేస్తుంది. పడగలా నిటారైన ఎత్తు తిన్నె కడుతుంది. దుబ్బుకీ దుబ్బుకీ మధ్య సందు మిగల్చదు. స్పినిఫెక్స్ కట్టే తిన్నె పల్లంగా, వాలుగా ఉంటుంది. సముద్రం కోసినా మళ్లీ తీగలు చాచి కిందికి పాకుతుంది. మారమ్ తిన్నెను సముద్రం కోస్తే గోడలా తెగి నిలబడుతుంది.

ఇక్కడ ఒక చిక్కుంది, దాన్ని దాచడం మర్యాద కాదు. మారమ్‌లోనూ కతిపో దొరుకుతుంది. పలచగా, ముసలిదై, మధ్యలో ఎండిన దుబ్బులున్నచోట అది సర్దుకుని బతుకుతుంది. అందుకే మారమ్ అంతా శత్రువే అనుకుని యంత్రం దింపడం పెద్ద తప్పు. చివరి నాలుగు గూళ్లు ఆ మారమ్‌లోనే ఉండొచ్చు.

మారమ్ తీసి సొంత మొక్కలు పెట్టే పనిలో ఏం చేయాలో, ఎక్కడ చెడుతుందో కాస్త వివరంగా చెబుతాను. పని మొదలుపెట్టే ముందు ఆ తిన్నె మీద కతిపో ఎక్కడెక్కడ ఉందో ఒక వేసవి మొత్తం చూసి గుర్తుపెట్టుకోవాలి. తర్వాత తిన్నెను పట్టీలుగా విడగొట్టాలి. ఒక పట్టీలో మారమ్ తీసి, పక్క పట్టీని అలాగే వదలాలి. తీసినచోట కొత్త మొక్కలు నిలదొక్కుకుని, సాలీళ్లు అక్కడికి చేరాకే రెండో పట్టీ ముట్టుకోవాలి. అంతా ఒకేసారి తీస్తే మొదటి గాలికే ఇసుక లేచి, కొత్త మొక్కలను పూడ్చి, వెనక ఊరివాళ్ల పెరట్లో పడుతుంది. ఆ మరుసటి ఏడు ఆ ఊళ్లో ఈ పని పేరెత్తనివ్వరు.

మారమ్‌ను చేత్తో పీకడం చిన్న దుబ్బులకే కుదురుతుంది. ఇసుకలో లోతుగా పాకిన కాండం ముక్క మిగిలినా మళ్లీ లేస్తుంది. పెద్ద విస్తీర్ణంలో హాలాక్సిఫాప్ అనే కలుపుమందు వాడతారు. అది గడ్డి జాతులనే చంపుతుంది. పీంగావ్ తుంగ కాబట్టి దానికి ఏమీ కాదు. స్పినిఫెక్స్ మాత్రం గడ్డే. రెండూ కలిసి పెరుగుతున్నచోట ఈ తేడా తెలియని మనిషి చేతికి స్ప్రేయర్ ఇస్తే, కాపాడదామనుకున్న మొక్కే ముందు పోతుంది. గ్లైఫోసేట్ అయితే దేన్నీ వదలదు. ఒక్క విడతతో పని అవదు, కిందనుంచి లేచే పిలకల కోసం కొన్నేళ్లపాటు తిరిగి తిరిగి చూస్తూండాలి. చచ్చిన మారమ్‌ను పీకి పారేయకూడదు. నిలువునా ఎండిన ఆ దుబ్బులే ఒకటి రెండేళ్లు ఇసుకను పట్టి ఉంచి, వాటి చాటున పెట్టిన లేత మొక్కలకు గాలి తగలకుండా చూస్తాయి. ఆ ఎండు దుబ్బుల్లోనే కతిపో గూడు కట్టుకోవచ్చు కూడా.

నాటడం అక్కడి చలికాలంలో, మే నుంచి ఆగస్టు లోపు. ఇసుక తడిగా ఉన్నప్పుడు వేరు పట్టుకుంటుంది. మొక్కను ఆకుల మొదలు దాకా లోతుగా దించాలి. పైపైన పెడితే గాలి ఇసుకను తోడేసి వేరు బయటపడుతుంది. సముద్రం వైపు స్పినిఫెక్స్, దాని వెనక పీంగావ్, ఇంకా వెనక పోహుఎహుఎ అనే చిక్కు తీగ. మొక్కకూ మొక్కకూ మధ్య సుమారు మీటరు. నెమ్మదిగా కరిగే ఎరువు కొద్దిగా వేరు దగ్గర వేస్తే చాలు, ఎక్కువైతే కలుపుగడ్డే ముందు తిని బలుస్తుంది. కుందేళ్లకు లేత పీంగావ్ అంటే ప్రాణం. కంచె వేయడమో కుందేళ్లను అదుపు చేయడమో లేకుండా నాటిన పీంగావ్ వాటికి మేత పెట్టినట్టే.

అన్నిటికంటే ఎక్కువగా జరిగే పొరపాటు ఇంకొకటుంది. ఇలాంటి పనులకు 'ఎన్ని మొక్కలు నాటాం' అన్నదే లెక్క అవుతుంది. వచ్చిన జనం ఉత్సాహంతో అరమీటరుకొకటి నాటేస్తారు. ఖాళీ కనిపిస్తే పని మిగిలిపోయినట్టనిపిస్తుంది. సొంత మొక్కలైనా సరే, సందులేకుండా పెట్టిన తిన్నె కతిపోకు మారమ్ తిన్నెతో సమానం. నాటినవాళ్లు వెళ్లేముందు తిన్నె మీద నిలబడి చూస్తే కళ్లకు మొక్కల కంటే ఇసుకే ఎక్కువ కనపడాలి.

ఇప్పుడు మళ్లీ దుంగల దగ్గరికి వద్దాం. మొక్కలు పెరిగేలోపు కతిపోకు ఆధారం ఇచ్చేవి అవే. చదునైన పలకలాంటి ముక్క, ఒక పక్క ఇసుకకు కాస్త ఎత్తుగా నిలిచినది, తిన్నె వెనక వాలులో పడ్డది, అది దానికి మేడ. కట్టె కాకపోతే రేకు డబ్బా, పాత పలక ఏదైనా సరే. శుభ్రం చేసే కార్యక్రమాలు ప్లాస్టిక్, గాజు, తాళ్లు ఏరడం వరకు ఆగితే ఎంతో మేలు. కట్టెను కట్టెగా వదిలేయాలి. వాహనాలను తిన్నెల మీదకు పోనివ్వకపోవడం కూడా ఇంతే ముఖ్యం. ఒక్క నాలుగు చక్రాల బైకు గీసిన దారి మీద గూళ్లు, గుడ్లసంచులు, మొక్కల తీగలు అన్నీ ఒకేసారి నలుగుతాయి.

ఈ దుంగ ప్రేమనే లెక్కపెట్టే పద్ధతిగా మార్చుకున్నారు పరిశోధకులు. మనవతూ, వాంగనుయి తీరంలోనూ, కాంటర్‌బరీలోని కైతొరెతె ఇసుకతిప్ప మీదా తిన్నెలపై పలకలు పరిచి, వాటి కింద చేరే కతిపోలను లెక్కించారు. కైతొరెతె అంటే ఒకవైపు తె వైహోరా సరస్సు, మరోవైపు పసిఫిక్, నడుమ దాదాపు 25 కిలోమీటర్ల పొడవు తిప్ప. పీంగావ్ ఇంత విస్తారంగా మిగిలిన చోటు దేశంలో మరొకటి లేదు, కతిపో ఇంకా బాగా ఉన్న చోట్లలో అదీ ఒకటి.

పలకలు పెట్టే పని తేలికే, జాగ్రత్తలే ఎక్కువ. సాలీడుకు చట్ట రక్షణ ఉంది కాబట్టి అక్కడి ప్రకృతి పరిరక్షణ శాఖ అనుమతి ముందు తీసుకోవాలి. రసాయనం పట్టించని చెక్క వాడాలి, పురుగు పట్టకుండా మందు ఎక్కించిన చెక్క కింద సాలీడును పిలవడం అర్థం లేని పని. అడుగు చదరం ముక్క చాలు. అడుగున రెండు సన్నని బద్దలు కొట్టి వేలు మందాన ఎత్తు ఇవ్వాలి. నేలకు అతుక్కుపోయిన పలక కింద దారం దించే చోటుండదు. దట్టమైన గడ్డి మీద కాక బోడి ఇసుక అంచున, తిన్నె వెనక వాలులో పెట్టాలి. గాలికి ఎగరకుండా, పూర్తిగా పూడిపోకుండా చూసుకోవాలి. పెట్టి కనీసం కొన్ని వారాలు ముట్టుకోకూడదు. ఎత్తి చూసేటప్పుడు వేళ్లు కిందికి పోనివ్వకుండా కొక్కెంతో అంచు పట్టి లేపాలి, ఎందుకంటే సాలీడు ఇసుక మీద కాదు, పలకకే తలకిందులుగా వేలాడుతుంటుంది. ఎత్తిన ప్రతిసారీ నేలకు దించిన దారాలు తెగుతాయి. వారం వారం ఎత్తితే అది విసిగి వెళ్లిపోతుంది. తిరిగి దించేటప్పుడు గుడ్లసంచి నలగకుండా మెల్లగా, ఉన్న చోటే, ఉన్న తీరునే దించాలి.

వచ్చిన లెక్కను చదవడంలోనే చాలామంది పొరబడతారు. కట్టె లేని బోడి తిన్నె మీద పలకలు నిండిపోతాయి, వేరే దిక్కు లేక. దుంగలు దండిగా ఉన్న తిన్నె మీద పలకలు ఖాళీగా ఉండొచ్చు, కతిపోలు పక్క దుంగ కింద హాయిగా ఉండి. అందుకని రెండు తీరాలను పలకల లెక్కతో పోల్చి 'ఇక్కడ ఎక్కువ, అక్కడ తక్కువ' అనకూడదు. ఒకే చోటును ఏడాదికేడాది పోల్చుకోవడానికే అది పనికొస్తుంది. రాసుకునేటప్పుడు తేదీ, ఎదిగిన ఆడవి ఎన్ని, పిల్లలు ఎన్ని, గుడ్లసంచులు ఎన్ని, చుట్టూ ఏ మొక్క ఉంది, ఇసుక ఎంత బోడిగా ఉంది అన్నీ రాయాలి. ఆ చివరి గడిని ఖాళీగా వదిలేసిన నోటుబుక్కు సగం పనికిరాదు.

చూడవలసిన కాలం అక్కడి వేసవి. నవంబరు, డిసెంబరుల్లో ఆడది గుడ్లు పెడుతుంది. ఒక్కో సంచిలో 70 నుంచి 90 దాకా, ఆవగింజలంత, ఊదా ఎరుపు గుడ్లు. సంచి గుండ్రంగా, మీగడ రంగులో, 12 మిల్లీమీటర్ల వెడల్పు. మూడు నాలుగు వారాల్లో అలాంటివి ఐదారు కడుతుంది. ఆరు వారాలకు పొదిగి, జనవరి నుంచి మార్చి మధ్య పిల్లలు బయటికొస్తాయి. సన్నని పోగు వదిలి గాలికెక్కి పోతాయి, లేదా ఆ పోగునే వంతెన చేసుకుని పక్క దుబ్బుకు చేరతాయి. గాలి వాటిని ఎక్కడ దించుతుందన్నది వాటి చేతుల్లో లేదు. తీరమంతా తిన్నెలున్న రోజుల్లో ఎక్కడ దిగినా ఇల్లే. ఇప్పుడు ఒక తిన్నెకీ ఇంకో తిన్నెకీ మధ్య పచ్చికలు, పైన్ తోటలు, ఇళ్లు. ఒక్కసారి ఒక తిన్నె ఖాళీ అయితే మళ్లీ నిండడం ఎందుకంత కష్టమో ఇక్కడే తెలుస్తుంది.

ఆ ఖాళీని ముందు పట్టేది దక్షిణాఫ్రికా నుంచి వచ్చిన స్టియటోడా కాపెన్సిస్ అనే సాలీడు. జనం దీన్ని నకిలీ కతిపో అంటారు. పెద్ద తుపాను తిన్నె ముందు భాగాన్ని కోసుకుపోతే అక్కడి కతిపోలూ పోతాయి. తిన్నె మళ్లీ కుదురుకునే సమయానికి స్టియటోడా వచ్చి కూర్చుంటుంది. అది ఏడాది పొడవునా పిల్లలు పెడుతుంది, గుడ్లు ఎక్కువ, ఇళ్ల గోడల నుంచి తోటల దాకా ఎక్కడైనా బతుకుతుంది కాబట్టి వెనకనుంచి వచ్చే బలగం ఎప్పుడూ ఉంటుంది. కతిపోకు వేసవే గతి, తిన్నే గతి. ఇది కతిపోను కొట్టి తరిమిందని చెప్పడం సులువు. ఖాళీ అయిన ఇంట్లో చేరిందనడమే నాకు ఎక్కువ సబబుగా తోస్తుంది. స్టియటోడాలను ఏరి చంపితే ఏమీ ఒరగదు. తుపాను కోతకు తిన్నె అంతా పోకుండా, వెనక రెండో వరస తిన్నె కూడా కతిపోకు అనువుగా ఉంచాలి. తీరం వెంట ఇళ్లు, రోడ్లు తిన్నె వీపు మీదకు వచ్చేసినచోట ఆ రెండో వరసే ఉండదు.

రెంటినీ గుర్తుపట్టడానికి వీపు మీది చార చూడాలి. స్టియటోడాకు తెల్లంచు ఎర్రచార ఉండదు, డమరుకమూ ఉండదు. వెనక కొసన మందమైన ఎరుపో పసుపో మచ్చ ఉండొచ్చు, ఉత్తరాన ఉండే నల్ల కతిపోతో తికమక పడేది అక్కడే. ఫొటో తీసి తెలిసినవాళ్లకు చూపించాలి తప్ప అనుమానం మీద చంపకూడదు.

రెడ్‌బ్యాక్ బెడద ఇంకో రకం. 1980ల నుంచి అది న్యూజిలాండ్‌లో కాలూనింది. రెడ్‌బ్యాక్ మగది కతిపో ఆడదానితో జతకట్టగలదు. కతిపో మగది రెడ్‌బ్యాక్ ఆడదాని వల ఎక్కితే జతకట్టేలోపే దానికి ఆహారమవుతుంది. అంటే కలయిక జరిగితే ఒకవైపుకే జరుగుతుంది, సంకరం కతిపో కడుపులోనే మొదలవుతుంది. ఓడరేవుల్లో సరుకు తనిఖీ చేసేవాళ్ల పని ఇక్కడ తిన్నె కాపలాదారు పనికంటే తక్కువేమీ కాదు.

కాటు గురించి చివర్లో చెబుతున్నాను. కతిపో పిరికిది. కదిపితే కాళ్లు ముడుచుకుని పడిపోతుంది, లేదా గూట్లోకి పరుగెత్తుతుంది. ఒంటికీ బట్టకూ మధ్య ఇరుక్కుంటేనో, గుడ్లసంచి దగ్గర చెయ్యి పెడితేనో కుడుతుంది. కాట్లు చాలా అరుదు, నొప్పి మాత్రం చాలా ఎక్కువ. కుట్టినచోట నొప్పి పాకి, చెమటలు, కండరాల బిగుతు, వికారం రావచ్చు. చల్లటి గుడ్డ లేదా మంచు మూట పెట్టి ఆసుపత్రికి వెళ్లాలి. పాము కాటుకు కట్టినట్టు బిగించి కట్టు కట్టకూడదు, నొప్పి ఇంకా పెరుగుతుంది. రెడ్‌బ్యాక్ కోసం తయారైన విరుగుడు మందే దీనికీ పనిచేస్తుంది. ఆక్లాండ్‌లోనో వెల్లింగ్టన్‌లోనో ఉంటూ పిల్లలతో ఒడ్డుకు వెళ్లే తెలుగువాళ్లు భయపడాల్సింది లేదు. తిన్నె మీద చెప్పులు విడిచి మళ్లీ తొడుక్కునేముందు దులుపుకుంటే చాలు, బట్టలు దుంగ మీద ఆరేయకుంటే చాలు.

ఒకే చోటికి అంటుకుని బతికే సాలీడు మనకూ ఉంది. నంద్యాల, గిద్దలూరు మధ్య అడవిలోని నీలి సాలీడు. గుత్తి రైల్వే కలప యార్డులో దొరికిన దాన్ని బట్టి బ్రిటిష్ జంతుశాస్త్రవేత్త పోకాక్ 1899లో దానికి పేరు పెట్టాడు. దాని అందం చూసి పెంచుకునేవాళ్లు ప్రపంచమంతా ఉన్నారు. అడవిలోంచి పట్టుకుపోయేవాళ్ల నుంచి దానికి చట్టం నిజంగా అవసరం. కతిపోను పెంచుకుందామని ఎగబడేవాళ్లు లేరు. రెండు సాలీళ్ల కష్టాలు వేరు కాబట్టి మందూ వేరే కావాలి. పట్టుకోవద్దనే చట్టం గుత్తి సాలీడుకు సగం మందు, కతిపోకు పావు మందు.

మన తీరంలోనూ ఇసుకను కట్టేయడం కొత్త కాదు. 1977 నవంబరు 19 నాటి దివిసీమ ఉప్పెన చూసినవాళ్లకు ఒడ్డున సరుగుడు తోట అంటే ప్రాణరక్షణే, ఆ నమ్మకాన్ని తేలిగ్గా తీసేయలేం. అయినా సరుగుడు మొక్కలు అలల అంచు దాకా దిగినచోట రాలిన సన్నాకు మందంగా పరుచుకుని కింద రావణాసురుడి మీసాలు గానీ, ఇసుక మీద పాకే ఆడంబు తీగ గానీ లేవనివ్వదు. ఆలివ్ రిడ్లే తాబేలు గుడ్లకు గొయ్యి తవ్వేది కూడా పోటు గీతకు పైనున్న ఆ బోడి ఇసుకలోనే. తోటను ఆ గీతకు కొన్ని వరసలు వెనక్కి జరిపి వేస్తే గాలికి అడ్డూ ఉంటుంది, ఇసుకా మిగులుతుంది. కైతొరెతె లాంటి చోట తిన్నెకూ పొలానికీ మధ్య కంచె ఎక్కడ పాతాలన్న ప్రశ్నా ఇలాంటిదే. కంచె తిన్నె వెనక పాదానికి కాక ఇంకొంచెం పొలంవైపు పాతితే, తుపాను ముందు వరసను కోసుకుపోయిన ఏడు కతిపో వెనక్కి జరగడానికి చోటుంటుంది.